గట్లసీమ పంచాంగం: రెండు చందమామల లోకానికి నెలలు, ఏళ్ళు ఎట్లా కట్టాలి?

నీలగిరి నివాసి (నల్లగొండ)

అందరికీ నమస్తే. చాన్నాళ్ళుగా ఒక పెద్ద నవల పనిలో ఉన్నాను. కథ గట్లసీమ అనే కల్పిత లోకంలో జరుగుతుంది. నేల మన నేలలాంటిదే. రాతి గుట్టలు, ఎర్ర చెల్కలు, గొలుసు చెరువులు, దూరంగా లోతున పారే వెన్నేరు. ఆకాశమే వేరు. అక్కడ చందమామలు రెండు. పెద్దది దొడ్డనెల, పున్నమి నుంచి పున్నమికి 32 రోజులు. చిన్నది కూననెల, దానికి 12 రోజులే.

ప్రస్తుతానికి పెట్టుకున్న లెక్క ఇది. ఏడాదికి 384 రోజులు, 12 నెలలు, ఒక్కో నెల 32 రోజులు. రెండు చందమామలూ ఒకే రాత్రి నిండేది 96 రోజులకోసారి, అంటే ఏడాదికి సరిగ్గా నాలుగుసార్లు. వాటికి జోడు పున్నములని పేరు పెట్టి నాలుగు పెద్ద పండుగలు చేశాను. ఒక్కో రుతువుకు ఒక్కోటి.

అంతా కుదిరింది. కానీ రాసింది చదువుకుంటే ప్రాణం లేదు. పాత్రలు పండుగ అంటున్నారు, ఎదురుచూడటం లేదు. లోపం ఎక్కడుందో చెప్పండి. పంచాంగం తెలిసినవాళ్ళు, వ్యవసాయం తెలిసినవాళ్ళు ఇద్దరూ మాట్లాడితే బాగుంటుంది.

పాలమూరు పోరడు (జడ్చర్ల)

అన్నా, ఐడియా బాగుంది. జోడు పున్నమి నాడు వెలుతురు ఎట్లుంటదో ఒక పేజీ రాయి, చదవాలని ఉంది. లెక్కల సంగతి సారు చూసుకుంటారు.

లెక్కల సారు (దేవరకొండ)

లోపం అంతా సరిగ్గా కుదరడంలోనే ఉందండి. ఏ ఆకాశమూ మనుషుల లెక్కకు అంత సరిగ్గా ఒదగదు. మిగిలే రోజుల్ని ఎక్కడ పెట్టాలన్న తంటాలోంచే పంచాంగాలన్నీ పుట్టాయి.

మనదే చూడండి. అమావాస్య నుంచి అమావాస్యకు సగటున 29.53 రోజులు. పన్నెండు నెలలకు 354 రోజుల చిల్లర. సూర్యుడి ఏడాది 365 రోజుల చిల్లర. ఏటా దాదాపు 11 రోజులు తేడా పడుతుంది. వదిలేస్తే ఉగాది చలికాలంలోకి జారిపోతుంది. అందుకే సంక్రమణం, అంటే సూర్యుడు ఒక రాశి నుంచి ఇంకో రాశిలోకి మారడం, పడని నెలను అధికమాసంగా లెక్కేస్తాం. 19 ఏళ్ళలో ఇట్లాంటివి ఏడు వస్తాయి. 19 సౌర సంవత్సరాలు 6939.60 రోజులు, 235 చాంద్రమాసాలు 6939.69 రోజులు. తేడా రెండు గంటలే. అయినా అది సున్నా కాదు. 2023లో అధిక శ్రావణం వచ్చింది, 2026లో అధిక జ్యేష్ఠం. దీనికి ఎదురుగా క్షయమాసం కూడా ఉంది. ఒకే నెలలో రెండు సంక్రమణాలు పడితే ఒక నెల పేరే ఎగిరిపోతుంది. 1963-64లో, మళ్ళీ 1982-83లో అట్లా జరిగింది.

నా సలహా: చందమామలను ముట్టుకోకండి. ఏడాదిని మాత్రం 389 రోజుల పావు చేయండి. పన్నెండు నెలలు పోగా ఏటా 5.25 రోజులు మిగులుతాయి. ఆరేళ్ళకు 31.5 రోజులు, అంటే ఒక నెలకు అర రోజు తక్కువ. కాబట్టి ఆరేళ్ళకోసారి పదమూడో నెల కలపాలి. ఆ అర రోజు ఏమవుతుందో రాత్రికి లెక్క వేసి పెడతాను.

కందిచేను (అచ్చంపేట వైపు)

సారు చెప్పింది ఆకాశం సంగతి. నేను నేల సంగతి చెప్తా.

మా ఇంట్లో గోడకు పంచాంగం క్యాలెండర్ ఉంటుంది. పెళ్ళికో, పండుగకో దాన్ని చూస్తాం. విత్తనం వేసేటప్పుడు మాత్రం తిథులు ఎవరూ చూడరు, కార్తెలు చూస్తారు. సూర్యుడు ఒక్కో నక్షత్రంలో ఉండే పదమూడు, పద్నాలుగు రోజులు ఒక కార్తె. 27 నక్షత్రాలకు ఏడాది పూర్తవుతుంది. చందమామతో పని లేదు కాబట్టి అధికమాసం వచ్చినా కార్తెల తేదీలు కదలవు. మే 25 ప్రాంతంలో రోహిణి, రోళ్ళు పగిలే ఎండ. జూన్ 7, 8 తేదీలకు మిరుగు, అంటే మృగశిర కార్తె. ఆ రోజు చేపలు తినాలి, తినని వాళ్ళు ఇంగువ బెల్లం ముద్ద వేసుకుంటారు. మిరుగు వచ్చిందంటే మా నాయన పొద్దున్నే చెల్కలోకి పోయి గుప్పెడు మట్టి పిసికి చూస్తాడు. ముద్ద అయి, వేలితో నొక్కితే విరిగిపోతే పదును సరిపోయినట్టు. అప్పుడు ఆముదాలా, జొన్నలా, కందులా, పత్తా అని ఇంట్లో మాట నడుస్తుంది.

అంటే ఒకే ఇంట్లో రెండు లెక్కలు నడుస్తున్నాయి. మీ లోకంలో ఒక్కటే ఉంది. అందరికీ ఒకటే పంచాంగం ఉన్న లోకం నాకు నమ్మబుద్ధి కాలేదు. గుడిలో ఉన్నవాళ్ళ ఏడాది, దున్నేవాళ్ళ ఏడాది, మంద మేపేవాళ్ళ ఏడాది ఒకే రోజు మొదలుకావు.

ఎడమకాలువ (మిర్యాలగూడ)

కందిచేను అక్క మాటకు ఒకటి కలుపుతా. మీది వానకు ఎదురుచూసే నేల, మాది కాలువకు ఎదురుచూసే నేల. నాగార్జునసాగర్‌కు 1955 డిసెంబరు 10న పునాది రాయి పడింది, 1967లో కాలువలకు నీళ్ళొచ్చాయి. అప్పటి నుంచి మా ఆయకట్టులో ఏడాది మొదలయ్యేది గేట్లు ఎత్తినప్పుడే. నీళ్ళు తక్కువైన ఏడు వారబందీ పెడతారు, కొన్నాళ్ళు వదిలి కొన్నాళ్ళు ఆపుతారు. నారు పోసినవాడికి ఆ రోజుల్లో వారం, తిథి ఏవీ గుర్తుండవు. నీళ్ళు వచ్చే రోజు, ఆగే రోజు, అంతే. చివరి భూములవాళ్ళ టెన్షన్ ఇంకా ఎక్కువ.

మీ వెన్నేరు మీద ఆనకట్ట ఉందా? ఉంటే గేటు ఎత్తే తేదీ ఎవరి చేతిలో ఉందో ముందు తేల్చండి. కథంతా అక్కడే పుడుతుంది.

నీలగిరి నివాసి

ఇద్దరికీ థాంక్స్. ఆనకట్ట పెట్టను, చెరువులతోనే పోనిస్తాను. కానీ తేదీ ఎవరి చేతిలో ఉందన్న ప్రశ్న పట్టుకుంటా. గట్లసీమలో పంచాంగం రాసేవాళ్ళను లెక్కరాయుళ్ళు అంటారు. గుడి వాళ్ళదే, భూముల చిట్టా వాళ్ళదే, అప్పు పత్రాలూ వాళ్ళ దగ్గరే. ఏడాది 389 రోజుల పావు అన్నది ఖాయం. సార్, రాత్రి లెక్క కోసం చూస్తుంటాను.

పాత దస్త్రం (వనపర్తి)

భూముల చిట్టా అన్నారు కాబట్టి వచ్చాను. మా తాతల కాలం కాగితాలు కొన్ని ఇంట్లో ఉన్నాయి. వాటిమీద తేదీ ఫసలీలో ఉంటుంది. ఫసలీ అంకెకు 590 కలిపితే మన ఇంగ్లీషు ఏడాది వస్తుంది. హైదరాబాద్ భూమిశిస్తు చట్టాన్ని 1317 ఫసలీ చట్టం అనేవాళ్ళు, అంటే 1907. ఆజర్, దై, బహమన్, ఇస్ఫందార్ అంటూ నెలల పేర్లన్నీ పారసీవే. నిజాం రాజ్యంలో ఈ ఏడాది అక్టోబరులో, ఆజర్ నెలతో మొదలయ్యేది.

ఇదెందుకు వచ్చిందో చూడండి. హిజ్రీ ఏడాది పూర్తిగా చంద్రుడిది, అధికమాసం లేదు. ఏటా 11 రోజులు ముందుకు వచ్చేస్తుంది. దాని ప్రకారం శిస్తు అడిగితే కొన్నేళ్ళకు పంట చేతికి రాకముందే కట్టమనాల్సి వస్తుంది. అందుకే అక్బరు కాలంలో పంటను బట్టి నడిచే ఫసలీ పెట్టారు. పండుగ హిజ్రీలోనే ఉంది, శిస్తు ఫసలీలోకి పోయింది. మన తెలంగాణ ఊళ్ళో ఒకప్పుడు ఒకే మనిషి ఉగాదికి కొత్త ఏడాది చేసుకుని, మొహర్రంకు పీరీల ముందు అలావ (నిప్పుల గుండం) చుట్టూ ఆడి, ఫసలీ లెక్కన శిస్తు కట్టి, మిరుగుకు విత్తనం వేశాడు. నాలుగు పంచాంగాలు ఒకే తలలో పెట్టుకున్నాడు. ఎవరూ ఆయన్ని చదువుకున్నవాడు అనలేదు.

కాబట్టి నీలగిరి గారూ, మీ లెక్కరాయుళ్ళు అప్పు ఏ పంచాంగంలో రాస్తారు? వడ్డీ ఏ నెలల మీద కడతారు? నూటికి నెలకు రెండు రూపాయలైతే ఏడాదికి ఇరవై నాలుగు. పదమూడో నెల వచ్చిన ఏడాది ఇరవై ఆరు. అదే పొలం, అదే పంట.

పాలమూరు పోరడు

ఈ వడ్డీ లెక్క చదివి ఆగిపోయిన. మా దిక్కు ముసలోళ్ళు జీతం కుదిరితే ఉగాది నుంచి ఉగాదికి అని చెప్తరు. అధికమాసం పడ్డ ఏడు జీతగాడు పదమూడు నెలలు చేయాలె కదా, అదే ఏడాది జీతానికి.

పాత దస్త్రం

అవును తమ్మీ. దొర ఇంట్లో ఆ నెల పెళ్ళిళ్ళు ఉండవు, శుభకార్యాలు ఉండవు. జీతగాడికి మాత్రం పశువుల పేడ తీయడం ఉంటుంది, మోట తోలడం ఉంటుంది.

నీలగిరి నివాసి

ఈ రెండు పోస్టులతో నవల మలుపు తిరిగింది. ఇప్పటిదాకా పంచాంగం అంటే ఆకాశంలో అందం అనే చూశాను. గట్లసీమలో జీతగాళ్ళ కుటుంబాలు ఉన్నాయి, తరాల అప్పు ఉంది. వాళ్ళకు విడుదల ఎప్పుడన్నది పంచాంగంలోనే ఉండాలి. 1946 నుంచి 51 దాకా వెట్టి మీద కొట్లాడిన జిల్లాలో పుట్టి, ఈ సంగతి పక్కన పెట్టి పండుగల గురించే రాయడం నాకు సమ్మతం కాదు.

లెక్కల సారు

రాత్రి కూర్చుని వేశాను. మీ ఆకాశంలో నేను అనుకోనిది ఒకటి బయటపడింది. నిదానంగా చదవండి.

జోడు పున్నమి 96 రోజులకోసారి, అంటే సరిగ్గా మూడు నెలలకోసారి. మొదటి ఏడాది 3, 6, 9, 12 నెలల్లో పడుతుందనుకోండి. ఆరో ఏట పదమూడో నెల కలుస్తుంది కాబట్టి ఏడో ఏట నుంచి జోడు పున్నములు ఒక నెల వెనక్కి జరిగి 2, 5, 8, 11 నెలల్లో పడతాయి. పన్నెండో ఏట మళ్ళీ పదమూడో నెల. పదమూడో ఏట నుంచి 1, 4, 7, 10. ఇట్లా పద్దెనిమిదో ఏడు వచ్చేసరికి 1, 4, 7, 10 పున్నములు అయ్యాక కలిపిన పదమూడో నెలలో ఇంకొకటి వస్తుంది. అంటే 18 ఏళ్ళకోసారి, ఆ అధికమాసంలోనే, ఐదో జోడు పున్నమి! ఆ తర్వాత లెక్క మళ్ళీ మూడో నెలకు వచ్చి మొదటికి చేరుతుంది. సరిచూశాను. 18 ఏళ్ళకు 219 నెలలు, 219ని మూడుతో భాగిస్తే 73, అంటే 72 మామూలు జోడు పున్నములు, ఒకటి అదనం.

నేనేమీ కల్పించలేదు. మీరిచ్చిన అంకెల్లోంచి వచ్చింది. జీతగాళ్ళకు విడుదల రోజు కావాలన్నారు కదా, ఇదిగో.

ఇక ఆ అర రోజు. ఆరేళ్ళకు 31.5 రోజులు మిగిలితే మనం 32 కలుపుతున్నాం. ప్రతి ఆరేళ్ళకు అర రోజు ఎక్కువ. 384 ఏళ్ళకు ఈ ఎక్కువ సరిగ్గా 32 రోజులు అవుతుంది. అప్పటికి పంచాంగం రుతువులకు ఒక నెల తప్పి ఉంటుంది. కాబట్టి 384వ ఏట కలపాల్సిన పదమూడో నెలను కలపకూడదు. వదిలేయాలి.

చుక్కల రాత్రి (నారాయణపేట)

సార్, దండం. 384వ ఏట నెల వదిలేస్తే తర్వాతి ఐదో పున్నమి ఎప్పుడు?

లెక్కల సారు

378 అంటే 18 ఇంటూ 21, ఆ ఏడు ఐదో పున్నమి వస్తుంది. తర్వాతిది 396లో రావాలి. కానీ 384లో నెల కలపలేదు కాబట్టి 385లో జోడు పున్నమి రెండో నెలకు జరగదు, మూడో నెలలోనే ఉండిపోతుంది. 390 దాకా అంతే. 396లో 2, 5, 8, 11 నెలల్లో పడి, పదమూడో నెల ఖాళీగా పోతుంది. ఐదో పున్నమి 402లో గానీ రాదు.

ఆరేళ్ళు ఆలస్యం.

గద్వాల అంచు (గద్వాల)

చదువుతుంటే ఒళ్ళు జలదరించింది. 378లో పద్దెనిమిదేళ్ళకు అప్పు పత్రం రాయించుకున్న తల్లి 396లో పదమూడో నెల పున్నమికి వాకిట్లో కూర్చుని ఉంటుంది. దొడ్డనెల నిండుగా వస్తుంది, కూననెల పావు వంతే ఉంటుంది. దొర మనిషి వచ్చి పున్నమి జోడు కాలేదు కదా, పనికి నడువు అంటాడు.

పండుగల వైపు నుంచి ఒక మాట. మా దగ్గర పెత్రామాస నాడు ఎంగిలిపూల బతుకమ్మతో మొదలై సద్దుల బతుకమ్మ దాకా తొమ్మిది రోజులు. రోజుకో నైవేద్యం: అటుకులు, ముద్దపప్పు, నానబియ్యం, అట్లు, ఇట్లా. ఆరో రోజు మాత్రం అలిగిన బతుకమ్మ, ఆ రోజు నైవేద్యం పెట్టరు. తొమ్మిది రోజుల సంబరంలో ఒక రోజు అమ్మవారు అలిగిందని ఊరంతా ఊరుకుంటుంది. ఇట్లాంటి రోజు మీ పంచాంగంలో లేదు. అన్నీ పండుగలే ఉంటే పండుగ బరువు తెలియదు. పదమూడో నెలను అలిగిన నెల చేయండి. ఆ నెలంతా ఊళ్ళో పాట ఉండదు. పద్దెనిమిదేళ్ళకోసారి మాత్రం ఆ మౌనంలోనే ఐదో జోడు పున్నమి వస్తుంది, అప్పుడు పాట లేస్తుంది. ఆడవాళ్ళే మొదలుపెట్టాలి.

తిథుల గొడవ కూడా వదలకండి. మన తిథి 24 గంటలు ఉండదు, 19 నుంచి 26 గంటల దాకా మారుతుంది. అందుకే సద్దుల బతుకమ్మ ఇవ్వాళా రేపా అని ఊళ్ళలో వాదన పడే ఏళ్ళు ఉంటాయి. ఒక ఊరు ఇవ్వాళ ఆడితే పక్క ఊరు రేపు ఆడుతుంది. రెండు ఊళ్ళలోనూ ఆడుకునే వీలు దొరికిన ఆడపిల్లలకు అదే సంతోషం.

నీలగిరి నివాసి

అక్కా, అలిగిన నెల తీసుకుంటున్నా. అదే పేరు. ఏళ్ళకోసారి వచ్చే పండుగ మన జనానికి కొత్త కాదు కూడా. సూర్యాపేట పక్కన పెద్దగట్టు జాతర రెండేళ్ళకోసారి మాఘంలో వస్తుంది. జాతర లేని ఏడు కూడా గొర్రెపిల్లను గట్టు పేరున విడిచి పెంచుతారు. ఎదురుచూడటం అంటే అది. మొదట నేను రాసిన దాంట్లో లేనిదీ అదే.

ఇప్పుడు ఒక చిక్కు. లెక్కరాయుళ్ళు నెల వదిలేయడం లెక్క ప్రకారం సరైనదే. వదలకపోతే విత్తనాల నెల అదను దాటిపోయాక వస్తుంది. వాళ్ళను అబద్ధాలకోరులుగా రాయలేను. మరి జీతగాళ్ళు దేన్ని పట్టుకుని వాదిస్తారు? వాళ్ళకు చదువు లేదు, పత్రాలు లేవు.

చుక్కల రాత్రి

దీనికి జవాబు మా ఊరి పక్కనే ఉంది. కృష్ణ ఒడ్డున ముడుమాల్. పదీ పద్నాలుగు అడుగుల నిలువురాళ్ళు, వాటి చుట్టూ వేల చిన్న రాళ్ళు. మూడు వేల ఏళ్ళకు పైబడినవి. కొన్ని వరసలు సూర్యుడి అయనాలకు, పగలూ రాత్రీ సమానమయ్యే విషువులకు సరిపోతాయని పరిశోధకులు చూపించారు. ఒక బండమీద సప్తర్షి మండలం ఆకారంలో చిన్న గుంటలు తొలిచి ఉన్నాయి. 2025లో యునెస్కో తాత్కాలిక జాబితాలోకి ఎక్కింది. పొద్దు కుంకేటప్పుడు పోయి నిలబడితే ఒక రాయి నీడ ఇంకో రాయి మొదట్లోకి పోవడం కంటికి కనిపిస్తుంది. కాగితం లేదు, అక్షరం లేదు, పంచాంగం మాత్రం నేలలో పాతి ఉంది.

ఇంకొకటి, ఇది మన అక్షాంశాల భాగ్యం. కర్కట రేఖకు దక్షిణాన ఉన్నాం కాబట్టి ఏడాదిలో రెండుసార్లు సూర్యుడు సరిగ్గా నడినెత్తికి వస్తాడు. ఆ మధ్యాహ్నం నిలువుగా ఉన్న దేనికీ నీడ పడదు. పాలమూరు, నల్లగొండల్లో మే మొదటి పది రోజుల్లో ఒకసారి, ఆగస్టు మొదటి వారం అటూఇటూగా మరోసారి. మేలో గడియారం పన్నెండుంబావు చూపించేటప్పుడు ఇంటిముందు ఒక ఇనుప రాడ్డు నిలబెట్టి చూడండి. నీడ చిన్నదవుతూ మొదట్లోకి దూరిపోతుంది. ఆ రెండు రోజుల మధ్య మూడు నెలలు మధ్యాహ్నపు నీడ దక్షిణానికి పడుతుంది, మిగతా ఏడాదంతా ఉత్తరానికి.

గట్లసీమ మందకాపరులకు ఇది చాలు. నిలువురాయికి నీడ లేని రోజున మొదట్లో ఒక గులకరాయి పెడతారు. ఏడాదికి రెండు. 378 నుంచి 396కు ముప్పై ఆరు రాళ్ళు. చందమామలు ఏ నెలలో జోడైతే వాళ్ళకేంటి?

కందిచేను

చాలా బాగుంది, ఒక్కటి మార్చండి. ఆగస్టులో మాకు మబ్బు. వానలు బాగున్న ఏడు ఆ రోజు సూర్యుడే కనిపించడు. ఆగస్టులో నీడ లేకుండా పోయిందని ఎండలో నిలబడి చూశారంటే ఆ ఏడు వాన లేనట్టే. కాబట్టి కాపరులు మొదటి నీడలేని రోజుకే రాయి పెడతారు. రెండోది కనిపించిన ఏడు అదే రాయికి నల్లటి మసి పూస్తారు. నల్లరాళ్ళన్నీ కరువు ఏళ్ళు. పద్దెనిమిది రాళ్ళ కుప్ప చూస్తే అప్పు ఎందుకు తీరలేదో కూడా తెలిసిపోతుంది.

పాత దస్త్రం

కందిచేను గారూ, ఇంతకు మించిన సాక్ష్యం నేను ఏ దస్త్రంలోనూ చూడలేదు.

ఇప్పుడు వాదన ఎట్లా నడుస్తుందో చెప్తాను. పత్రంలో ఉన్నది ఐదో జోడు పున్నమి వరకు అని. లెక్కరాయుడు ఆ మాటనే పట్టుకుంటాడు. కాపరి, పత్రం రాసిన నాడు ఆ మాటకు పద్దెనిమిదేళ్ళని ఇద్దరికీ తెలుసు కదా అంటాడు. రుతువులు సరిచేయడానికి నెల వదిలారు, సరే. ఆ సర్దుబాటు భారం పొలం ఉన్నవాడి మీద ఎందుకు పడలేదు, జీతగాడి మీదే ఎందుకు పడింది? ఈ ప్రశ్న సభలో ఎవరో ఒకరు అడగాలి. లెక్కరాయుళ్ళలోనే ఒక యువకుడు అడిగితే ఇంకా బలంగా ఉంటుంది. నెల వదలడం న్యాయమే, పత్రాల గడువును ఆ వదిలిన నెలతో పాటు జరపడం అన్యాయం అని వాడే తేల్చి చెప్పాలి. 384లో పెద్దలు రుతువులను సరిచేశారు, పత్రాలను సరిచేయలేదు. అది మరచిపోయి కాదు.

ఎడమకాలువ

నేను ఇక్కడ ఒప్పుకోను. యువకుడు వచ్చి వాదించి గెలిపిస్తే జీతగాళ్ళు చేసిందేముంది? రాళ్ళ కుప్ప వాళ్ళది, లెక్క వాళ్ళది. సభలో మాట కూడా వాళ్ళదే కావాలి. యువకుడు ఉండొచ్చు, పాత చిట్టా తెచ్చి ఇస్తే చాలు.

గద్వాల అంచు

ఎడమకాలువ తమ్ముడి మాటే నాదీ.

పాత దస్త్రం

సరే, అందులో న్యాయం ఉంది. చిట్టా తెచ్చి ఇవ్వడం కూడా చిన్న పనేమీ కాదు. ఆ కాగితం బయటికి వచ్చిందంటే వాడికి గుడిలో చోటు పోతుంది.

నీలగిరి నివాసి

సభలో మాట్లాడేది కాపరే. ఖాయం.

గుడి ఎట్లా ఉండాలో ఇప్పుడు తెలిసింది. మా పానగల్లులో ఛాయా సోమేశ్వరాలయం ఉంది. కుందూరు చోడుల కాలం నాటిది, మూడు గర్భగుళ్ళ త్రికూటం. అందులో ఒక గర్భగుడిలో శివలింగం వెనక గోడమీద స్తంభం నీడ ఒకటి పగలంతా ఉంటుంది. ఎండ ఎటు తిరిగినా అది కదలదు. ముందున్న స్తంభాల సందుల్లోంచి, వేర్వేరు దిక్కుల నుంచి చెదిరి వచ్చే వెలుతురును లెక్కగట్టి ఆ శిల్పులు చేసిన పని. నీడను నిలబెట్టగలిగినవాళ్ళ చేతిలో పంచాంగం పెడితే? లెక్కరాయుళ్ళ గుడి అట్లాంటిది చేస్తాను. లోపల కదలని నీడ, బయట గుట్టమీద రోజూ కదిలే నిలువురాళ్ళ నీడలు. పానగల్లు గుడి అంటే నాకు ప్రాణం. అందుకే ఆ శిల్పుల్ని మంచివాళ్ళుగానే రాస్తాను, గుడి తర్వాత ఎవరి చేతుల్లోకి పోయిందన్నది వేరే సంగతి.

పాలమూరు పోరడు

అన్నా, ఒక డౌట్. జోడు పున్నములు ఏటా ఐదు రోజులు ముందుకొస్తయి కదా సూర్యుడి లెక్కన. అంటే పండుగ ఒక ఏడు ఎండల, ఒక ఏడు వానల పడుతది. జనానికి కష్టం కాదా?

పాత దస్త్రం

పీర్ల పండుగ అట్లానే కదా తమ్మీ తిరిగేది. మొహర్రం 33 ఏళ్ళలో అన్ని రుతువులూ చుట్టి వస్తుంది. ఎండలో వస్తే ఎండలోనే పీరీలు లేస్తాయి, వానలో వస్తే తడుస్తూనే ఎత్తుకుంటారు. జారే పండుగ ఉన్న ఊళ్ళో వయసును దాంతోనే చెప్పుకోవచ్చు. నా చిన్నప్పుడు ఈ పండుగ చలిలో వచ్చేది అంటారు.

లెక్కల సారు

గట్లసీమలో ఒక జోడు పున్నమి రుతువులన్నీ చుట్టి మొదటి చోటికి రావడానికి దాదాపు 74 ఏళ్ళు పడుతుంది. ఒక మనిషి ఆయుష్షు. తన పుట్టిన రుతువులో తన పండుగను రెండోసారి చూసినవాళ్ళకు ఊరు ఏదైనా మర్యాద చేస్తుందని పెట్టవచ్చు.

గద్వాల అంచు

సార్, పుట్టినరోజు అంటే గుర్తొచ్చింది. అలిగిన నెలలో పుట్టిన పిల్లల సంగతేంటి? ఆరేళ్ళకోసారి గానీ ఆ నెలే రాదు. 378 ఐదో పున్నమి నాడు పుట్టిన అమ్మాయికి 384లో మొదటి పుట్టినరోజు రావాలి, ఆ నెలనే ఎత్తేశారు.

నీలగిరి నివాసి

అక్కా, మీరు మా నాయికను ఇచ్చారు. 378లో ఐదో జోడు పున్నమి రాత్రి, తల్లి కొత్త అప్పు పత్రం మీద వేలిముద్ర వేసిన రాత్రే పుడుతుంది. 396కు పద్దెనిమిదేళ్ళు. గుడి చిట్టాలో మాత్రం ఆమె నెల రెండుసార్లే వచ్చింది, 390లో ఒకసారి, 396లో ఒకసారి. తాత మందకాపరి. రాళ్ళు పెట్టేది ఆయన, ఆయన పోయాక ఆమె.

మొదటి అధ్యాయం 396 పదకొండో నెల జోడు పున్నమితో మొదలుపెడుతున్నాను. ఇంకా రెండు నెలల్లో విడుదల అని ఊళ్ళో జనం మూటలు కట్టుకుంటుంటారు. కొత్త చోట కట్టుకునే ఇంటికి వాసాలు కూడా కొట్టి పెట్టుకుంటారు.

కందిచేను

పదకొండో నెల అంటే మీ లోకంలో ఏ కాలం? మంద ఊరి దగ్గర ఉంటుందా, మేతకు పోయి ఉంటుందా? పచ్చిక ఎండిపోయిన కాలమైతే కాపరులు మందను ఏటి ఒడ్డుకో, అడవి దిక్కో తోలుకుపోతారు. మా వైపు నల్లమలకు పోయేవాళ్ళు. నాయిక ఊళ్ళో ఉండదు.

నీలగిరి నివాసి

ఏడాది మొదలు విత్తనాలతో పెట్టాను కాబట్టి పదకొండో నెల ఎండలు ముదిరే కాలం. మీరన్నట్టు ఆమె మందతో వెన్నేటి ఒడ్డున ఉంటుంది. ఊరి వార్త ఆమెకు ఎవరో మోసుకెళ్ళాలి. మొదటి నీడలేని రోజు కూడా పన్నెండో నెలలోనే పడేట్టు పెడితే పద్దెనిమిదో రాయి అప్పుడే పెట్టొచ్చు. సార్, అది కుదురుతుందా?

లెక్కల సారు

కుదురుతుంది. మీ సీమ అక్షాంశం మీ చేతిలోనే ఉంది, కొంచెం ఉత్తరానికో దక్షిణానికో జరిపితే చాలు. ఒక్కటి గుర్తుంచుకోండి. నెలలు సూర్యుడికి ఏటా ఐదు రోజులు జారుతుంటాయి కాబట్టి నీడలేని రోజు ప్రతి ఏడూ ఒకే తేదీన పడదు. 396 ఒక్క ఏడాదికి పన్నెండో నెలలో ఎక్కడ పడుతుందో వేసి, 378 నుంచి మొత్తం పద్దెనిమిది ఏళ్ళకూ పట్టిక చేసి రేపు ఇక్కడే పెడతాను. కరువు ఏళ్ళు ఏవో కందిచేను గారు చెప్పాలి.

కందిచేను

వరసగా రెండు, మధ్యలో ఒకటి, చివర్లో మళ్ళీ రెండు పెట్టండి. అయిదు నల్లరాళ్ళు. వరసగా వచ్చిన రెండో ఏడే అప్పు పెరిగేది.